శ్యామ్ బెనెగల్ చరిత్ర సినిమాలు: పెద్దాయనల కథలు తేలిపోయాయా?

పాతరీలు
మొన్న శని, ఆదివారాల్లో 'జునూన్' (1857 తిరుగుబాటు కథ), 'ముజీబ్' (బంగ్లాదేశ్ నాయకుడు ముజీబుర్ రెహమాన్ కథ) వెంటవెంటనే చూశాను. రెండూ బెనెగల్ తీసినవే. మధ్యలో నలభై ఏళ్లకు పైగా దూరం. మొదటిది అయిపోయాక ఇంకో అరగంట ఉంటే బాగుండేదనిపించింది. రెండోది గంట గడిచేసరికి చెయ్యి ఫోన్ మీదికి పోయింది.

మన దేశ చరిత్రను తెర మీదికి తేవడంలో ఆయనంత పట్టుదల ఇంకెవరికీ లేదు. 1857, గోవా విమోచన, దేశ విభజన, దక్షిణాఫ్రికాలో గాంధీ, ఆజాద్ హింద్ ఫౌజ్, రాజ్యాంగ సభ, చివరికి పక్క దేశం బంగ్లాదేశ్ పుట్టుక. 53 ఎపిసోడ్ల దూరదర్శన్ సీరియల్ 'భారత్ ఏక్ ఖోజ్' సరేసరి. అయితే వీటిలో ఊపిరి ఉన్నవి ఏవి అని చూస్తే, మహానాయకుడెవరూ లేని సినిమాలే. పోస్టర్ మీదికి పెద్ద పేరు ఎక్కగానే ఆయన చెయ్యి బిగుసుకుపోతుంది. నా వాదన ఇంతే.

'జునూన్'లో తిరుగుబాటు యుద్ధాలు ఉన్నాయి, కాదనను. కానీ మనసుకు పట్టేది ఒక ఇల్లు. షాజహాన్‌పూర్‌లో పావురాలు పెంచుకునే ఒక పఠాను జావేద్ ఖాన్ (శశి కపూర్). తండ్రి చర్చిలో హత్యకు గురైతే తల్లితో పారిపోయిన ఇంగ్లీషు పిల్ల రూత్. ఆ పిల్లను తెచ్చి ఇంట్లో పెట్టుకుంటాడు, పెళ్లి చేసుకుంటానంటాడు. తల్లి (జెన్నిఫర్ కెండల్) కాదనదు, అవుననదు. ఢిల్లీ మీ చేతుల్లో నిలిస్తే పిల్లనిస్తాను, మావాళ్లు గెలిస్తే మమ్మల్ని వదిలెయ్యాలి అని బేరం పెడుతుంది. ఇక అక్కణ్నుంచి ఢిల్లీ కబురు కోసం ఆ ఇంట్లో ఎదురుచూడని మనిషి లేడు. భార్య (షబానా) కూడా. ఒక సామ్రాజ్యం తలరాతను పెళ్లి మాటల్లో ఇరికించాడు చూడండి, అదీ చరిత్ర చెప్పడమంటే.

'ముజీబ్'లో ఏముంది? పుట్టాడు, చదివాడు, జైలుకెళ్లాడు, ఉపన్యాసమిచ్చాడు, మళ్లీ జైలుకెళ్లాడు.

అల్వాల్_పిలగాడు
అన్నా, జునూన్ దాంక ఎందుకు పోతున్నవ్, మన దగ్గరనే షురూ చెయ్యి. ఆయన పుట్టింది ఈడనే, తిరుమలగిరిల, 1934ల. నాయిన ఫోటోగ్రాఫర్. నిజాం కాలేజీ, ఉస్మానియాల ఎకనామిక్స్. హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీ పెట్టినోళ్లల్ల ఆయన ఒకడు. బొంబాయి పొయ్యి యాడ్ ఫిలిములు జేసి జేసి, నలభై ఏండ్లకు దగ్గరవడ్డంక 'అంకుర్' తీసిండు. సినిమా హిందీ అంటరు గని, ఆ మాటలు ఏ హిందీ? అది మన దక్ఖనీ. మా అమ్మమ్మ కూరగాయలోళ్లతోని మాట్లాడినట్టే ఉంటది.

మన దొరలు అసలు ఎట్లుంటరో దేశానికి చూపిచ్చింది ఆయనే. 'నిశాంత్' 1945ల నడిచే కథ. బడి పంతులు పెండ్లాన్ని దొర తమ్ముళ్లు ఇంట్లకెల్లి ఎత్కపోతరు. పంతులు పోలీసు దగ్గరికి పోతడు, కలెక్టరు దగ్గరికి పోతడు, వకీలు దగ్గరికి పోతడు. ఎవ్వడు పట్టిచ్చుకోడు. ఇది చరిత్ర సినిమా కాకపోతే ఇంకేది చరిత్ర?

ఎర్రజీరా
@అల్వాల్_పిలగాడు, నిశాంత్ గొప్ప సినిమాయే. కానీ 1945 తెలంగాణలో కథ పెట్టి, సంఘం (ఆంధ్ర మహాసభను జనం అలాగే పిలిచేవారు) మాట ఎక్కడా వినిపించకుండా తీయడం ఎలా సాధ్యం? ఆ సంఘం అప్పటికే ఊళ్లల్లో ఉంది. 1946 జులైలో దొర మనుషుల తూటాకు దొడ్డి కొమరయ్య చనిపోయాడు. సినిమాలో మాత్రం జనం ఉన్నట్టుండి పూజారి మాటతో లేస్తారు, గడీ మీద పడతారు, దొరలతోపాటు ఎత్తుకొచ్చిన ఆ ఆడమనిషినీ, దొర ఇంటి కోడలినీ కూడా చంపేస్తారు. చూసినవాడికి పోరాటం గుర్తుండదు, అల్లరిమూక గుర్తుంటుంది. దీని పక్కన 'మాభూమి' పెట్టి చూడండి. గౌతమ్ ఘోష్ బెంగాల్ నుంచి వచ్చి, నర్సింగరావు గారితో కలిసి తీసిన సినిమా. అందులో ఊరు ఎందుకు లేచిందో మెట్టు మెట్టుగా తెలుస్తుంది. బెనెగల్ ఇక్కడివాడే, అయినా ఆయనది బయటి చూపు.

అల్వాల్_పిలగాడు
బయటి చూపు అనుడు జర ఎక్కువైంది. విజయ్ టెండూల్కర్ రాసిన కథ అది, మరాఠీ మనిషి. అయినా సినిమా మొత్తం జెండాలు చూపిస్తేనే చరిత్రనా? భయం ఎట్లుంటదో చూపిచ్చిండు. పంతులు ఏసిన గిరీష్ కర్నాడ్ మొఖం చూస్తె చాలదా?

ఎర్రజీరా
ముఖం చాలదు. అదే నా పాయింటు.

బడిపంతులు_నిజామాబాద్
మీ ఇద్దరి గొడవలో ఒక మాట. నిశాంత్ చివర్లో ఆ హత్యాకాండ చూపించడం పొరపాటు అనుకోను. పగ తీర్చుకున్న జనం నీతిమంతులై ఉండాలని ఏ చరిత్రా హామీ ఇవ్వదు. కానీ ఎర్రజీరా గారు అన్నట్టు, సంఘాన్ని కథలోంచి తీసేసి జనాన్ని మిగిల్చితే, వాళ్లు అలాగే కనిపిస్తారు. రెండూ నిజమే.

ఇక పాతరీలు గారి వాదనలో నాకు అడ్డుపడేది 'భారత్ ఏక్ ఖోజ్'. అందులో అంతా పెద్ద పేర్లే కదా? అశోకుడు, అక్బరు, శివాజీ, టిప్పు, గాంధీ. అయినా అది బిగుసుకుపోలేదు. ఎందుకో ఆలోచించండి.

నిజాం_కాదు_నేను
బిగుసుకుపోకపోవడమేంటి సార్. నెహ్రూ రాసిన పుస్తకం. నెహ్రూ వేషంలో రోషన్ సేఠ్ వచ్చి మనకు పాఠం చెబుతాడు. మొదలైంది ఎప్పుడు? 1988 నవంబర్ 14, నెహ్రూ పుట్టినరోజు. దూరదర్శన్ డబ్బు. అప్పుడు ప్రధాని ఎవరు? ఆయన మనవడు. ఇది చరిత్రా, ఇంటి ఆల్బమా?

కాకతీయులకు ప్రత్యేకంగా ఒక్క ఎపిసోడ్ లేదు, శాతవాహనులకూ లేదు. దక్షిణం అంటే ఎక్కువగా చోళులు, విజయనగరం. దానికీ 'విజయనగర పతనం' అనే పేరు పెట్టారు. పతనం చూపించడానికి మాత్రం గుర్తొచ్చాం.

బడిపంతులు_నిజామాబాద్
కాకతీయుల విషయంలో మీతో నేనూ ఉన్నాను. ఆ బాధ నాకూ ఉంది. మిగతాది కొంచెం తీరిగ్గా చెబుతాను, ఓపిక పట్టండి.

మొదట టైటిల్ పాట గుర్తుందా? "సృష్టి సే పహలే సత్ నహీ థా". అది ఋగ్వేదంలోని నాసదీయ సూక్తం, వసంత్ దేవ్ హిందీ చేశారు, వనరాజ్ భాటియా బాణీ. ఆ సూక్తం దేనితో ముగుస్తుంది? ఇదంతా ఎలా పుట్టిందో పైనున్నవాడికి తెలుసేమో, ఆయనకూ తెలియదేమో అని. దేశ చరిత్ర చెప్పబోతూ మొదటే సందేహంతో తలుపు తీశాడు. ప్రభుత్వ ప్రచారం చేసుకునేవాడు ఆ సూక్తం ఎంచుకోడు.

రెండోది. పుస్తకం నెహ్రూ 1944లో అహ్మద్‌నగర్ కోట జైల్లో రాసుకున్నది. కాబట్టి తెర మీద ఇద్దరు కథకులు. నెహ్రూ తన మాట చెబుతాడు. తర్వాత ఓం పురి గొంతు వస్తుంది, కథ కలుపుతుంది, కొన్నిచోట్ల ఇంకో కోణం పెడుతుంది. అదే ఓం పురి ఇంకో వారం ఔరంగజేబు అవుతాడు. ఆయనకు ఎదురుగా శివాజీ నసీరుద్దీన్ షా. సలీం ఘౌస్ రాముడు, కృష్ణుడు, టిప్పు సుల్తాన్ కూడా. ఒకే నటుడు ఇన్ని వేషాలు మార్చుకుంటుంటే ఇది ఆడుతున్న కథ అని చూసేవాడికి తెలుస్తూనే ఉంటుంది. మన వీధినాటకంలో ఒకడే రెండు వేషాలు కట్టినట్టు.

మూడోది నాకు అన్నిటికన్నా ఇష్టం. ఆధారం ఉన్నచోట చరిత్రలా తీశాడు, ఆధారం కావ్యమైతే కావ్యంలా తీశాడు. మహాభారతానికి తీజన్ బాయి పండవానీ (ఛత్తీస్‌గఢ్‌లో భారతకథను పాడుతూ చెప్పే జానపద కళ) పెట్టాడు. అదే రోజుల్లో చోప్రా మహాభారతం కిరీటాలతో, బాణాలతో వస్తోంది, గమనించండి. పృథ్వీరాజ్ చౌహాన్ దగ్గర ఎపిసోడ్ పేరులోనే 'రాసో' అని ఉంది, అంటే ఇది చంద్ బర్దాయీ పేరు మీద నడిచే వీరగాథ అని ముందే చెప్పేశాడు. పద్మిని కథ కూడా అంతే, 'పద్మావత్' అనే పేరుతోనే, జాయసీ కవిత్వంగానే చూపించాడు. ఇవాళ ఒక సినిమా ఆ పని చెయ్యగలదా? చేస్తే థియేటర్ మిగులుతుందా?

షమా జైదీ, అతుల్ తివారీ రాశారు. వెనక చరిత్రకారుల బృందం ఉంది. లోపాలు బోలెడు. సెట్లు పేలవం, గడ్డాలు జిగురు కనిపిస్తాయి. కానీ ఆ నిజాయితీ మాత్రం తర్వాత ఏ సీరియల్లోనూ నాకు కనిపించలేదు.

గ్రూప్2_ఆశావహి
సార్ నమస్తే. నేను గ్రూప్-2 ప్రిపేర్ అవుతున్నా. భారత్ ఏక్ ఖోజ్ 53 ఎపిసోడ్లూ చూడాలంటే టైం లేదు. పరీక్షకు పనికొచ్చేవి ఏవి చూస్తే సరిపోద్ది?

నిజాం_కాదు_నేను
తమ్ముడూ, ఏదీ చూడకు, పుస్తకం చదువు.

ఎడిట్_టేబుల్
అందరూ కథ గురించి మాట్లాడుతున్నారు. నేను డబ్బు గురించి మాట్లాడతాను, ఎందుకంటే బెనెగల్ సినిమాలను డబ్బు ఎక్కణ్నుంచి వచ్చిందో చూడకుండా అర్థం చేసుకోలేం.

'అంకుర్', 'నిశాంత్' – బ్లేజ్ అనే యాడ్ ఫిలిముల పంపిణీ సంస్థ. 'మంథన్' – గుజరాత్ పాల రైతులు 5 లక్షల మంది, మనిషికి రెండు రూపాయలు. 'జునూన్' – శశి కపూర్ సొంత డబ్బు. 'సుస్మన్' – చేనేత సహకార సంఘాలు. 'మమ్మో' – ఎన్‌ఎఫ్‌డీసీ, అంటే కేంద్ర ప్రభుత్వ సినిమా సంస్థ. 'ది మేకింగ్ ఆఫ్ ది మహాత్మా' – ఎన్‌ఎఫ్‌డీసీతో పాటు దక్షిణాఫ్రికా ప్రభుత్వ టీవీ. 'బోస్' – సహారా కంపెనీ. 'ముజీబ్' – భారత్, బంగ్లాదేశ్ ప్రభుత్వాలు కలిసి.

ఇప్పుడు పాతరీలు గారి వాదన పక్కన ఈ వరస పెట్టండి. పెద్దాయన ఉండటం కాదు అసలు సమస్య. ఆ పెద్దాయనను పూజించేవాడే నిర్మాత అయితే సమస్య. ముజీబ్ సినిమా తీసేటప్పటికి ఢాకాలో అధికారంలో ఉన్నది ముజీబ్ కూతురు షేక్ హసీనా. ఆ తండ్రి తప్పు చేశాడని ఏ సీన్లో చూపిస్తారు? 1975లో మిగతా పార్టీలన్నీ రద్దు చేసి బాక్సాల్ అనే ఏకపార్టీ వ్యవస్థ పెట్టాడే, దాని మీద బెనెగల్ లాంటి మనిషికి ఒక సినిమాకు సరిపడా ప్రశ్నలుంటాయి. నిశాంత్ తీసినవాడు కదా.

పాతరీలు
@ఎడిట్_టేబుల్ ఇది బాగుంది, కానీ పూర్తిగా అతకదు. ఖోజ్ కూడా ప్రభుత్వ డబ్బే. మంథన్‌లో రైతులే నిర్మాతలు, రైతులే కథ, అయినా ఊళ్లో కులాల గొడవ దాచలేదు. నిర్మాత ఎవరైనా ఆయనకు సందు దొరికితే దూరేవాడు. ఒకే మనిషి పుట్టుక నుంచి చావుదాకా వరసగా చెప్పాల్సి వస్తే మాత్రం ఆ సందు దొరకదు.

జోబర్గ్_రావు
నేను జొహానెస్‌బర్గ్‌లో ఉంటున్నాను, అందుకని మహాత్మా సినిమా గురించి ఒకటి. ఇక్కడ డర్బన్ వైపు నాలుగో తరం, అయిదో తరం తెలుగువాళ్లున్నారు. చెరుకు తోటల కూలీలుగా మద్రాసు రేవులో ఓడెక్కి వచ్చినవాళ్ల సంతానం. తెలుగు మాట చాలామందికి పోయింది, ఇంటిపేర్లు మిగిలాయి. ఆంధ్ర మహాసభ (పైన చెప్పిన తెలంగాణ సంఘం కాదు, ఇక్కడి తెలుగువాళ్లది) 1931 నుంచి నడుస్తోంది. ఆ జనానికి గాంధీ అంటే నోటు మీద బొమ్మ కాదు, తాతలతో కలిసి నడిచిన వకీలు.

బెనెగల్ తీసింది ఆ వకీలునే. 1893లో వచ్చినప్పటి నుంచి 1914లో వెళ్లిపోయేదాకా. ఫాతిమా మీర్ పుస్తకం ఆధారం, ఆవిడ డర్బన్ మనిషి. రజిత్ కపూర్‌కు జాతీయ అవార్డు వచ్చింది. కస్తూరబాగా పల్లవి జోషి. మహాత్ముడు ఇంకా తయారుకాలేదు కాబట్టి తప్పులు చెయ్యనిచ్చాడు. పాతరీలు గారి లెక్కకు ఇది ఎదురు నిలుస్తుందనుకుంటాను. పెద్దాయనే, అయినా తేలిపోలేదు.

పాతరీలు
అందులో పెద్దాయన కాకముందు కథే ఉంది కదండీ. నా లెక్క ఇంకా గట్టిపడింది.

జోబర్గ్_రావు
మీరు వకీలు కావాల్సింది.

పోచంపల్లి_మగ్గం
'సుస్మన్' పేరు ఎత్తారు కాబట్టి వచ్చాను. మాది పోచంపల్లి, మగ్గం ఇల్లు. చిటికి కట్టడం (రంగు అంటకుండా నూలుకు ముడులు వెయ్యడం), రంగులో ముంచడం, పడుగు సరిచెయ్యడం, అన్నీ ఆ సినిమాలో తొందర లేకుండా చూపించారు. ఓం పురి మగ్గం గుంటలో కూర్చున్న తీరు చూసి మా పెద్దలు, నటుడు కాదు, నిజంగా నేసేవాడే అనుకున్నారట. కూతురి పెళ్లికి పట్టుచీర నేద్దామని ఆర్డరు పట్టులోంచి కొంచెం మిగుల్చుకున్న నేతగాడి కథ అది. పట్టుబడితే పరువు పోతుంది. ఇది చరిత్ర కాదంటారేమో, మాకు మాత్రం ఇదే చరిత్ర. రాజుల సినిమాల్లో కట్టిన బట్ట ఎవడు నేశాడో ఎవడు చూపించాడు?

అల్వాల్_పిలగాడు
దండం అన్నా. ఈ ముక్క ఎవ్వలు చెప్పలే ఇంతవరకు.

నిజాం_కాదు_నేను
సరే, నెహ్రూ సంగతి వదిలేస్తా. 'బోస్' సంగతి చెప్పండి. నేతాజీ అభిమానులు కొందరు గొడవ చేశారు కదా, పెళ్లి చూపించావు, విమాన ప్రమాదం చూపించావు అని. ఆ గొడవలో మాత్రం నేను బెనెగల్ పక్షమే. దేవుణ్ని చేసి కూర్చోబెట్టినవాళ్లకి ఆయనకు భార్య ఉండటం కూడా నచ్చలేదు. ఎమిలీ షెంకెల్ ఉంది, కూతురు అనిత ఉంది. దాచేదేముంది?

సినిమా మాత్రం మూడు గంటలు దాటి సాగుతుంది. కలకత్తా ఎల్గిన్ రోడ్డు ఇంట్లోంచి 1941 జనవరి రాత్రి తప్పించుకోవడం, కాబూల్ దాకా మారువేషం, ఆ ముప్పావు గంట మాత్రం ఊపిరి బిగబట్టి చూశాను. జర్మనీ చేరాక నీరసపడింది. రెహమాన్ సంగీతం కూడా లేపలేకపోయింది.

ఎడిట్_టేబుల్
ఎల్గిన్ రోడ్డు ఘట్టం ఎందుకు పండిందో తెలుసా? అది ఒక ఇల్లు. అన్న కొడుకు శిశిర్ కారు నడుపుతాడు, ఇంట్లో సగం మందికి తెలియదు, బయట పోలీసు కాపలా. బెనెగల్‌కు ఇల్లు దొరికింది. (పాతరీలు గారూ, మీ పక్షానికి ఒక మార్కు.)

పాతరీలు
వద్దన్నా తీసుకుంటాను :)

ఇల్లు అంటే 'త్రికాల్' చెప్పకుండా ఎలా. 1961, పోర్చుగీసువాళ్లు గోవా వదిలి వెళ్లబోయే రోజులు. లూటోలిమ్‌లో కార్టూనిస్టు మారియో మిరాండా సొంత ఇంట్లో తీశారు. డోనా మరియా (లీలా నాయుడు) చనిపోయిన భర్తతో మాట్లాడాలని పనిపిల్లను పెట్టుకుని ఆత్మలను పిలుస్తుంది. వచ్చేది భర్త కాదు. ఆ ఇంటి పూర్వీకులు పోర్చుగీసువాళ్లతో కుమ్మక్కై చంపించిన రాణే వంశపు తిరుగుబాటుదారుడి ఆత్మ. కొవ్వొత్తుల వెలుగులో అశోక్ మెహతా కెమెరా. భారత సైన్యం వచ్చిందన్న కబురు ఇంటి బయటి నుంచి ఎక్కడో వినిపిస్తుంది. దీనికి ఉత్తమ దర్శకుడిగా జాతీయ అవార్డు ఇచ్చారు, ఇవ్వకపోతే ఆశ్చర్యపోయేవాణ్ని.

మోడరేటర్
రెండు పోస్టులు తీసేశాను. బంగ్లాదేశ్‌లో ఇప్పుడు జరుగుతున్న రాజకీయాలకు వేరే దారం ఉంది. ఇక్కడ సినిమా మాట్లాడండి.

ఎర్రజీరా
తీసేసినవాటిలో నాదొకటి. సినిమా వరకే చెబుతాను. 'ముజీబ్' 2023 అక్టోబర్‌లో విడుదలైంది. ముజీబ్ వేషం వేసిన ఆరిఫిన్ శువో ఒక్క టాకా పారితోషికం తీసుకున్నాడు. సినిమా ముగిసేది 1975 ఆగస్టు 15 తెల్లవారుజామున, ఢాకా ధన్‌మండి 32వ నంబరు రోడ్డులోని ఇంట్లో, అక్కడున్న కుటుంబాన్నంతా కాల్చేయడంతో. 2024 ఆగస్టులో హసీనా దేశం వదిలి పారిపోయిన రోజునే జనం ఆ ఇంటికి నిప్పు పెట్టారు, 2025 ఫిబ్రవరిలో నేలమట్టం చేశారు. బెనెగల్ 2024 డిసెంబర్ 23న పోయారు. జనం ఎందుకంత కసిగా ఉన్నారో ఆ సినిమాలో వెతికితే ఒక్క జాడ దొరకదు. నిశాంత్‌లో జనం ఉన్నారు గానీ సంఘం లేదు. ముజీబ్‌లో సంఘం ఉంది, పార్టీ ఉంది, జనం మాత్రం ఉపన్యాసం వినడానికే ఉన్నారు.

బడిపంతులు_నిజామాబాద్
ఒప్పుకుంటాను. అయితే చివరి రోజుల్లో ఆయన చెయ్యి పూర్తిగా సడలిపోయిందనకండి. 'సంవిధాన్' చూశారా? 2014, రాజ్యసభ టీవీ, పది ఎపిసోడ్లు. రాజ్యాంగ సభలో మూడేళ్ల వాదనలు. బోస్ వేసిన సచిన్ ఖేడేకరే ఇందులో అంబేద్కర్. సభలో నిలబడి మాట్లాడటం, ఇంకొకరు లేచి కాదనడం, ఎక్కువభాగం ఇంతే. అయినా నా తొమ్మిదో తరగతి పిల్లలు కదలకుండా చూశారు, ఎందుకంటే ఎవరు నెగ్గుతారో వాళ్లకు తెలియదు. ఆ సభలో మనవాళ్లు టంగుటూరి, పట్టాభి, ఎన్.జి. రంగా, దుర్గాబాయి ఉన్నారని ముందే చెప్పి చూపిస్తే ఇంకా చెవులు రిక్కిస్తారు.

పాతరీలు గారి సూత్రంలో ఇది ఎక్కడ పెడతారు? ఇల్లు కాదు. అందరూ పెద్దాయనలే.

పాతరీలు
పెద్దాయనలు ఒకరినొకరు కాదంటున్నారు కదా మాస్టారూ. ఒక్కడే ఉంటే కాదనేవాడెవడు? సినిమా చచ్చేది అక్కడే.

సుభద్ర_గుంటూరు
ఇంతసేపూ చదువుతున్నాను, 'మమ్మో' గురించి ఒక్కరూ రెండు ముక్కలు రాయలేదు. ఎడిట్_టేబుల్ గారు పద్దులో రాసి వదిలేశారు. పానిపట్‌లో పుట్టింది, లాహోర్ కోడలైంది, అంతే, ఉన్నట్టుండి పాకిస్తానీ అయిపోయింది. మొగుడు పోయాక బొంబాయిలో అక్కచెల్లెళ్ల దగ్గరకు వీసా మీద వస్తుంది. గడువు దాటిందని పోలీసులు రాత్రిపూట బండెక్కించి పంపేస్తారు. ఏళ్ల తర్వాత మళ్లీ వస్తుంది, ఈసారి చనిపోయినట్టు కాగితం పుట్టించి ఆవిణ్ని ఇంట్లో ఉంచుకుంటారు. చచ్చినట్టు రాస్తే తప్ప పుట్టిన దేశంలో బతకలేదన్నమాట. ఫరీదా జలాల్ నవ్వుతూనే ఉంటుంది, మనకే గొంతు పట్టేస్తుంది. ఇన్ని యుద్ధాలూ సభలూ తీసిన మనిషి చరిత్ర సినిమాల్లో నా ఓటు దీనికే.

పోచంపల్లి_మగ్గం
నా ఓటు కూడా. సుస్మన్ తర్వాత.

గ్రూప్2_ఆశావహి
సార్, నేను ఆ పద్మావత్ ఎపిసోడ్ చూశా, బాగుంది. కానీ డౌటు. పరీక్షలో అలాఉద్దీన్ చిత్తోడ్ ముట్టడి అడిగితే పద్మిని గురించి రాయాలా వద్దా?

బడిపంతులు_నిజామాబాద్
ముట్టడి 1303 అని రాయి. పద్మావత్ జాయసీ 1540లో రాసిన కావ్యం అని రాయి. మధ్యలో రెండు వందల ముప్పై ఏడేళ్లు ఉన్నాయి, వాటిని కలపకు.